బిళ్లంత సెల్... పొట్లమంత సున్నం!

ఆరో నెలలో పాపాయికి అన్నప్రాసన చేస్తారు. వెండి గిన్నెలో పాయసం నాకించడం అయ్యాక అసలు సరదా మొదలవుతుంది. ఎదురుగా పుస్తకం, కలం, బంగారు గొలుసు, నోట్లు, పూలు పేర్చి పాపాయిని వదులుతారు. అమ్మమ్మలు, తాతయ్యలు, పిన్నులు, మేనమామలు చుట్టూ మూగి ఏది పట్టుకుంటుందా అని చూస్తుంటారు. కలం పట్టుకుంటే చదువుల సరస్వతి, గొలుసు పట్టుకుంటే మహాలక్ష్మి! పాపాయికి ఇవేమీ తెలియవు. ఏదో మెరిసింది, చెయ్యి చాపింది, నోట్లో పెట్టుకుంది. అంతే!

ఆ రోజు అందరూ చప్పట్లు కొట్టిన పనే మర్నాటి నుంచీ తప్పయిపోతుంది. ‘అది ముట్టుకోకు’, ‘ఇది నోట్లో పెట్టుకోకు’, ‘అక్కడికెళ్లకు’... రోజుకెన్నిసార్లు వినిపిస్తాయో లెక్కే ఉండదు. కానీ పసివాళ్లకు లోకాన్ని తెలుసుకునే దారి అదొక్కటే. పుట్టింది మొదలు రెండేళ్ల దాకా పిల్లలు చూసి, తాకి, నోట్లో పెట్టుకునే లోకజ్ఞానం సంపాదిస్తారని స్విట్జర్లాండ్ మనస్తత్వవేత్త జీన్ పియాజే చెప్పారు. తొమ్మిది, పది నెలలకు బొటనవేలు, చూపుడువేలు కలిపి చిన్న వస్తువును ఏరడం వస్తుంది. చాపమీద పడ్డ ఆవగింజ కూడా అప్పుడు కంటబడుతుంది. ఏడాదికి నడక. రెండు, మూడేళ్లకు పెద్దవాళ్లు చేసేదల్లా తామూ చేయాలన్న పట్టుదల. నాన్న రిమోట్ విప్పితే తనూ విప్పాలి. తాత పొట్లం నొక్కితే తనూ నొక్కాలి.

ఇందులో పిల్లల తప్పేమీ లేదు. తెలుసుకోవాలన్న ఆ ఆత్రమే లేకపోతే మాట రాదు, నడక రాదు, చదువూ రాదు. చిక్కల్లా ఇంట్లో ఉన్న వస్తువులతోనే!

ముఖం లేని ముప్పు

వెనకటి ఇళ్లలోనూ ప్రమాదాలుండేవి. పెరట్లో నుయ్యి, వంటింట్లో పొయ్యి, మూలన కత్తిపీట. అయితే అవి ఎవరికైనా కనిపించేవి. నూతికి గట్టు కట్టారు. పొయ్యి వేడి దగ్గరికెళ్తేనే తగిలేది. కత్తిపీట పని కాగానే గోడవైపు తిప్పి పెట్టేవారు. ఏది ప్రమాదమో ఇంటిల్లిపాదికీ తెలుసు కాబట్టి పిల్లల మీద ఎవరిదో ఒకరిది కన్నుండేది.

ఇప్పటి ముప్పు అలా కాదు. దానికి వేడి లేదు, పదును లేదు, వాసనా లేదు. రూపాయి బిళ్లంత ఉంటుంది. లేదంటే షాంపూ పొట్లమంత! అది ముప్పని పెద్దవాళ్లకే తెలియనప్పుడు పిల్లలకు ఎవరు చెబుతారు?

హైదరాబాద్‌లో దీన్ని చూడాలంటే మాదాపూర్ వైపు వెళ్లాలి. 1998 నవంబరు 22న అప్పటి ప్రధాని అటల్ బిహారీ వాజ్‌పేయి సైబర్ టవర్స్‌ను ప్రారంభించినప్పుడు చుట్టూ ఉన్నవి ఎక్కువగా బండరాళ్లూ, తుప్పలే. ఆ తర్వాత హైటెక్ సిటీ నుంచి గచ్చిబౌలి, కొండాపూర్, నానక్‌రాంగూడ, కోకాపేటల దాకా అద్దాల మేడలు లేచాయి. వాటి చుట్టూ వేలాది ఫ్లాట్లు వెలిశాయి. భార్యాభర్తలిద్దరూ ఉద్యోగాలకెళితే ఆ ఫ్లాట్లలో చంటిపిల్లల్ని చూసుకునేది ఊరి నుంచి వచ్చిన నాయనమ్మో, అమ్మమ్మో, జీతానికి కుదిరిన ఆయమ్మో!

ఆ మేడల్ని కట్టినవాళ్లకూ పిల్లలున్నారు. పాలమూరు నుంచి, ఉత్తరాంధ్ర నుంచి, ఒడిశా, బిహార్, ఛత్తీస్‌గఢ్‌ల నుంచి వచ్చిన కూలీల కుటుంబాలు పని జరుగుతున్న చోటే రేకుల షెడ్లలో ఉంటాయి. అమ్మా నాన్నా పనిలో ఉంటే చంటివాణ్ని ఎత్తుకుని తిరిగేది ఆరేడేళ్ల అక్క.

మధ్యలో ఉన్నది ఒక్క ప్రహరీగోడ. గోడకు ఇటువైపు ఇంట్లో రిమోట్‌లో బటన్ సెల్ ఉంటుంది. అటువైపు షెడ్డులో ఖైనీలోకి నలుపుకొనే సున్నం పొట్లం ఉంటుంది. చూడ్డానికి ఒకదానికొకటి పోలికే లేదు. కానీ పసివాళ్ల ఒంటి మీద ఆ రెండూ చేసే పని దాదాపు ఒకటే!

20 మిల్లీమీటర్ల నిప్పు

కొత్త ఫ్లాట్‌లో ఓసారి బటన్ సెళ్లు లెక్కపెట్టి చూస్తే ఆశ్చర్యమేస్తుంది. కారు తాళంచెవిలో ఒకటి. చిన్న రిమోట్లలో ఒకటి. డిజిటల్ థర్మామీటర్‌లో, వంటింటి తూకం యంత్రంలో, షుగరు చూసుకునే మీటరులో, పుట్టినరోజుకు వచ్చిన పాటలు పాడే కార్డులో, దీపావళికి కొన్న ఎల్ఈడీ దీపాల్లో, నడిస్తే వెలిగే బూట్లలో... చివరికి డెస్క్‌టాప్ కంప్యూటర్ లోపలి మదర్‌బోర్డు మీద కూడా ఒకటుంటుంది.

వీటిలో బాగా వాడేది ‘సీఆర్ 2032’. ఆ అంకెల్లోనే దాని కొలతలున్నాయి. వెడల్పు 20 మిల్లీమీటర్లు, మందం 3.2 మిల్లీమీటర్లు. 3 వోల్టుల లిథియం సెల్. పసివాళ్ల అన్నవాహికలో సరిగ్గా ఇరుక్కుపోయే పరిమాణమది.

చాలామంది అనుకునేదేమిటంటే, సెల్ పగిలి లోపలి రసాయనం కారితేనే ప్రమాదమని. అది పొరపాటు. సెల్ చెక్కుచెదరకపోయినా చాలు. 1800లో ఇటలీ శాస్త్రవేత్త వోల్టా రెండు రకాల లోహపు బిళ్లల మధ్య ఉప్పునీటితో తడిపిన గుడ్డముక్క పెట్టి కరెంటు పుట్టించాడు. గొంతులో జరిగేదీ అలాంటిదే. సెల్ రెండువైపులా తడి గోడలు తగులుతాయి. ఉప్పదనం ఉన్న ఆ తడిలోంచి కరెంటు పారడం మొదలవుతుంది. అప్పుడు సెల్ మైనస్ వైపున నీరు విడిపోయి ఘాటైన క్షారం పుడుతుంది. అది కండను కాల్చేస్తుంది. రెండు గంటలు... అంతలోనే తీవ్రమైన గాయమైపోవచ్చు.

ఆ తర్వాత క్షారం లోలోపలికి తినేస్తూ పోతే అన్నవాహికకు చిల్లు పడవచ్చు. పక్కనే ఉన్న శ్వాసనాళంలోకి దారి పడవచ్చు. ఆ దగ్గర్లోనే గుండె నుంచి వచ్చే పెద్ద రక్తనాళం ఉంటుంది. దాన్ని తాకితే ప్రాణం మీదికే వస్తుంది. సెల్ బయటికి తీశాక కూడా కొన్ని రోజులు, కొన్ని వారాల పాటు ఈ భయం ఉంటుంది కాబట్టే డాక్టర్లు పిల్లల్ని వెంటనే ఇంటికి పంపరు.

రిమోట్ పనిచేయడం లేదని తీసి బల్లమీద పడేసిన పాత సెల్ అయితే ఫర్వాలేదా? అస్సలు కాదు. వస్తువును నడిపే శక్తి లేకపోయినా కండను కాల్చే శక్తి దానిలో మిగిలే ఉంటుంది.

జలుబనుకుంటే ఎలా?

ఇందులో అన్నిటికన్నా భయపెట్టే విషయం వేరే ఉంది. పిల్లలు సెల్ మింగడం చాలాసార్లు ఎవరూ చూడరు. ఆ తర్వాత కనిపించే లక్షణాలు రోజూ చూసేవే. చొంగ కారుతుంది. పాలు తాగనని మొరాయిస్తారు. దగ్గు, వాంతి, ఊపిరి పీల్చేటప్పుడు గురగుర. ‘జలుబు చేసినట్టుందే అమ్మాయ్, కాస్త కషాయం కాచి పట్టు’ అంటుంది నాయనమ్మ. ఆవిడను తప్పుపట్టడానికి లేదు. ఆవిడ ఎరిగిన లోకంలో అది జలుబే! కానీ ఆ కషాయం కాగేలోపు ఆ రెండు గంటల్లో కొంత గడిచిపోతుంది.

అందుకే అనుమానం వస్తే చాలు, ఎక్స్‌రే తీయించాలి. ఎక్స్‌రేలో నాణెం ఒకే వలయంలా కనిపిస్తుంది. బటన్ సెల్ అంచున మరో సన్నటి వలయంతో, చందమామ చుట్టూ గుడి కట్టినట్టు కనిపిస్తుంది. డాక్టర్లు తేడా పట్టేది ఆ రెండో వలయంతోనే.

సాయంత్రం ఆఫీసులు వదిలే వేళ సైబరాబాద్ రోడ్ల సంగతి తెలిసిందే. కిలోమీటరు దూరానికి అరగంట పట్టినా పట్టవచ్చు. కాబట్టి బయల్దేరే ముందే ఆసుపత్రికి ఫోన్ చేసి, పిల్లలకు ఎండోస్కోపీ చేసే డాక్టరు ఆ వేళ ఉన్నారో లేదో కనుక్కోవాలి. లేరంటే ఉన్న చోటికే నేరుగా వెళ్లాలి. 108కి చేసినా విషయం స్పష్టంగా చెప్పాలి: ‘బటన్ సెల్ మింగింది’ అని. అలాంటి సెల్ మరొకటి గానీ, అది ఉండే వస్తువు గానీ ఇంట్లో ఉంటే వెంట తీసుకెళ్లాలి.

వాంతి చేయించకూడదు. అన్నంముద్ద, అరటిపండు పెట్టి లోపలికి నెట్టే ప్రయత్నం చేయకూడదు. ఒక్క తేనె విషయం వేరు. 2018లో అమెరికాలోని ఫిలడెల్ఫియా పిల్లల ఆసుపత్రి పరిశోధకులు పందిపిల్లల మీద చేసిన ప్రయోగాల్లో తేనె ఆ క్షారాన్ని కొంత చల్లార్చి గాయం తీవ్రతను తగ్గించింది. అప్పటినుంచీ అక్కడి విష సమాచార కేంద్రం, ఏడాది దాటిన పిల్లలైతే, మింగి 12 గంటలు దాటకపోతే, మింగగలిగే స్థితిలో ఉంటే, ఆసుపత్రికి వెళ్లే దారిలో పది నిమిషాలకోసారి రెండు టీస్పూన్ల తేనె నాకించమంటోంది. అదీ ఆరుసార్లకు మించకుండా. ఏడాది నిండని పిల్లలకు తేనె పనికిరాదు. తేనె కోసం వెతుకుతూ బయల్దేరడం ఆలస్యం చేయడమూ పనికిరాదు. అది మందు కాదు, దారిలో కాస్త ఊరట మాత్రమే.

సెల్ ముక్కులోనో, చెవిలోనో పెట్టుకున్నా ముప్పు ఇలాంటిదే. అప్పుడు చుక్కల మందు వేయకూడదు. ఆ తడితో కరెంటు ఇంకా బాగా పారుతుంది.

తాంబూలంలోది కదా అనుకుంటే...

ఇక గోడకు అటువైపు సంగతి. సున్నం తెలుగువాళ్లకు కొత్తదేమీ కాదు. భోజనాలయ్యాక ఆకూవక్కల పళ్లెంలో సున్నం ఉండాల్సిందే. వెనకటి ముసలమ్మలు దాన్ని మూత బిగువుగా ఉండే బరిణెలో పెట్టుకుని, ఆ బరిణెను తమ సంచిలోనే దాచుకునేవారు. ఆకుకు సున్నం ఒకింత ఎక్కువైతే నోరు పొక్కిపోతుందని తాంబూలం వేసుకున్న ప్రతివాళ్లకూ తెలుసు. మరి నోటినే పొక్కించేది కంట్లో పడితే?

ఇప్పుడు సున్నం చిన్న చిన్న ప్లాస్టిక్ పొట్లాల్లో, ట్యూబుల్లో వస్తోంది. పాన్ డబ్బాలో దొరుకుతుంది. మెత్తగా, బుల్లి దిండులా ఉంటుంది. అలాంటిది చేతికి చిక్కితే ఏ పిల్లలైనా ఏం చేస్తారు? గట్టిగా నొక్కుతారు. పళ్లతో కొరుకుతారు. పొట్లం పటుక్కున పగిలి సున్నం చిమ్ముతుంది. మొహానికి దగ్గరగా పట్టుకుని నొక్కుతారు కాబట్టి పడేది నేరుగా కంట్లోనే!

ఈ ప్రమాదం గురించి ఢిల్లీ ఎయిమ్స్ కంటి డాక్టర్లు 2003లోనే ప్రసిద్ధ వైద్య పత్రిక ‘లాన్సెట్’లో హెచ్చరిక రాశారు. హైదరాబాద్‌లో దీన్ని దగ్గరగా చూసినవాళ్లు బంజారాహిల్స్‌లోని ఎల్.వి. ప్రసాద్ కంటి వైద్యసంస్థ డాక్టర్లు. హైటెక్ సిటీకి అది ఎంతో దూరం కూడా కాదు.

కంటి నల్లగుడ్డు మీద పారదర్శకమైన పొర ఉంటుంది. దాన్ని ఎప్పటికప్పుడు కొత్తగా ఉంచే మూలకణాలు నల్లగుడ్డుకూ తెల్లగుడ్డుకూ మధ్య అంచులో ఉంటాయి. పొలానికి విత్తనాల గాదె ఎలాంటిదో కంటికి ఆ అంచు అలాంటిది. సున్నం ఆ గాదెనే కాల్చేస్తుంది. ఇక నల్లగుడ్డు మీద పొర కొత్తగా రాదు. తెల్లగా మూసుకుపోతుంది. అప్పుడు వేరొకరి నల్లగుడ్డు తెచ్చి మార్చినా లాభం ఉండదు. విత్తనమే లేనప్పుడు మట్టి మార్చి ఏం ప్రయోజనం?

ఇలాంటి కళ్ల కోసం ఆ సంస్థలో డాక్టర్ వీరేందర్ సాంగ్వాన్, డాక్టర్ సయన్ బసు బృందం ఒక పద్ధతి కనిపెట్టి 2012లో లోకానికి వెల్లడించింది. పేరు ‘స్లెట్’. బాగున్న రెండో కంటి అంచు నుంచి రెండు మిల్లీమీటర్ల పాటి చిన్న ముక్క తీస్తారు. దాన్ని సన్నగా తరిగి, దెబ్బతిన్న కంటి మీద ఉమ్మనీటి సంచి పొర పరిచి, దాని మీద ఈ ముక్కల్ని నాట్లు వేసినట్టు అక్కడొకటి, అక్కడొకటి అంటిస్తారు. అవే పెరిగి కొత్త పొరవుతాయి. ఖరీదైన ప్రయోగశాలలో కణాలను పెంచాల్సిన పని లేకపోవడం దీని గొప్పతనం. ఇప్పుడు ఎన్నో దేశాల్లో ఈ పద్ధతి వాడుతున్నారు.

2016లో ఆ సంస్థ 125 మంది రోగుల ఫలితాలను ప్రచురించింది. ఒక కన్ను కాలిపోయి, స్లెట్ చేయించుకున్నవాళ్లు వాళ్లంతా. వందలో 76 మందికి ఆపరేషన్ ఫలించింది. అది సంతోషించాల్సిన సంగతే. కానీ అదే లెక్కలో ఇంకో అంకె ఉంది. ఆ 125 మందిలో 60 మంది పిల్లలు. దాదాపు సగం! ఫ్యాక్టరీల్లో, ప్రయోగశాలల్లో రసాయనాలతో పనిచేసేది పెద్దవాళ్లయితే, కాలిన కళ్లతో వచ్చినవాళ్లలో సగం మంది ఇంకా బడి ఈడు దాటనివాళ్లు.

ముందు నీళ్లు... తర్వాతే ఆటో!

కంట్లో సున్నం పడితే మొదటి వైద్యం ఆసుపత్రిలో దొరకదు. పక్కనున్న కుళాయి దగ్గరే దొరుకుతుంది. కన్ను విప్పి పట్టుకుని, శుభ్రమైన నీళ్లు ధారగా పోస్తూనే ఉండాలి. ఒక చెంబుతో సరిపోదు. కనీసం పావుగంట, వీలైతే అరగంట. రెప్ప కింద సున్నం రేణువులు ఇరుక్కుంటాయి. అవి ఉన్నంతసేపూ కాలుస్తూనే ఉంటాయి కాబట్టి రెప్పల్ని పైకెత్తి, కిందికి లాగి కడగాలి. పిల్లలు గింజుకుంటారు, ఏడుస్తారు. అయినా వదలకూడదు. ఆ తర్వాతే కంటి ఆసుపత్రికి పరుగు.

ఇక్కడ పెద్దవాళ్లకు ఒక సందేహం వస్తుంది. సున్నం మీద నీళ్లు పోస్తే ఉడుకుతుంది కదా, కన్ను ఇంకా కాలదా అని. గోడలకు వేసే సున్నపురాయి మీద నీళ్లు పోస్తే కుతకుత ఉడకడం పల్లెల్లో చూసినవాళ్ల భయం అది. పొట్లంలో ఉన్నది అప్పటికే నీళ్లు కలిపి ఉడికి చల్లారిన సున్నం. నీళ్లు పోసినా అది మళ్లీ ఉడకదు, కొట్టుకుపోతుంది. తల్లిపాలు, నెయ్యి, ఆముదం మాత్రం వేయకూడదు. వాటి కోసం వెతికే ఐదు నిమిషాల్లో కన్ను పోవచ్చు.

రెండింటిదీ ఒకే కాటు

యాసిడ్ అంటే అందరికీ భయమే. క్షారమంటే అంత భయం లేదు. నిజానికి కండ మీద యాసిడ్ పడితే అక్కడి మాంసకృత్తులు గడ్డకట్టి ఒక అడ్డుగోడలా నిలుస్తాయి. యాసిడ్ కొంతవరకే దిగుతుంది. క్షారానికి అలాంటి అడ్డు ఉండదు. కణాల గోడల్లోని కొవ్వును అది సబ్బులా మార్చేస్తుంది. నూనెలో కాస్టిక్ సోడా కలిపి సబ్బు చేసేటప్పుడు జరిగేదే ఇక్కడా జరుగుతుంది. దాంతో కండ కరిగిపోతూ ఉంటే క్షారం ఇంకా లోపలికి దిగుతూ ఉంటుంది. సున్నం పుట్టుకతోనే క్షారం. బటన్ సెల్ తడి తగిలిన చోట క్షారాన్ని పుట్టిస్తుంది. తేడా అంతే! రెండింటి విషయంలోనూ గడియారమే శత్రువు. ఒకదానికి నిమిషాలు, రెండోదానికి గంటలు.

‘కాస్త చూసుకోవద్దూ?’

ఏదైనా జరిగితే ముందు వచ్చే మాట ఇదే. ‘తల్లి ఏం చేస్తోంది? కాస్త చూసుకోవద్దూ?’ రోజుకు ఇరవైనాలుగు గంటలూ రెప్పవాల్చకుండా ఏ తల్లీ కాపలా కాయలేదు. ఆ మాట అనేవాళ్లూ కాయలేరు. అందుకే కొన్ని దేశాలు తల్లిని వదిలి వస్తువును తయారుచేసేవాళ్లను అడగడం మొదలుపెట్టాయి.

మందు సీసాల మూతలు పిల్లలు తేలిగ్గా తీయలేని విధంగా ఉండాలని అమెరికా 1970లోనే చట్టం చేసింది. బటన్ సెళ్లకు ప్రపంచంలో మొదటిసారిగా తప్పనిసరి భద్రతా ప్రమాణాలు తెచ్చింది ఆస్ట్రేలియా. 2022 జూన్‌లో అవి అమల్లోకి వచ్చాయి. అదే ఏడాది ఆగస్టులో అమెరికాలో ‘రీస్ చట్టం’ వచ్చింది. రిమోట్‌లోంచి ఊడిన బటన్ సెల్ మింగి 2020 డిసెంబరులో కన్నుమూసిన ఏడాదిన్నర పాప పేరది. సెల్ ఉండే అర పిల్లలు ఊడదీయలేనట్టుగా ఉండాలని, సెళ్లు అమ్మే ప్యాకెట్లు కూడా తేలిగ్గా చిరగకూడదని ఆ చట్టం చెబుతుంది.

మన దేశంలో 2021 జనవరి 1 నుంచి బొమ్మలకు ఐఎస్ఐ గుర్తు తప్పనిసరి చేశారు. అది మంచి అడుగు. అయితే రిమోట్ బొమ్మ కాదు. తూకం యంత్రమూ, కారు తాళమూ బొమ్మలు కావు. కానీ పసివాళ్ల దృష్టిలో బొమ్మ కానిదేముంది?

పిల్లల్ని చూసుకునే చోటు గురించి కూడా చట్టాలు మాట్లాడాయి. యాభై మందికి పైగా ఆడకూలీలు ఉన్న నిర్మాణ స్థలంలో పిల్లలకు ప్రత్యేకంగా గది ఉండాలని 1996 నాటి నిర్మాణ కార్మికుల చట్టం చెప్పింది. యాభై మంది, అంతకు మించి ఉద్యోగులున్న సంస్థకు శిశు సంరక్షణ కేంద్రం ఉండాలని ప్రసూతి ప్రయోజన చట్టానికి 2017లో చేసిన సవరణ చెప్పింది. గోడకు ఇటూ అటూ ఒకే అంకె! అపార్టుమెంటు కమిటీ వాళ్లు పక్కన కడుతున్న టవర్ కాంట్రాక్టరును దుమ్ము గురించి, చప్పుడు గురించి అడుగుతూనే ఉంటారు. పిల్లల గది సంగతి కూడా ఓ మాట అడిగితే పోయేదేముంది?

నేలమీద కూర్చుని చూస్తే...

చట్టాలు వచ్చేదాకా ఆగక్కర్లేదు. ఒక ఆదివారం మధ్యాహ్నం ఇంటి పెద్ద నేలమీద కూర్చుని, పాకే పిల్లల ఎత్తులో కళ్లు పెట్టి గది చుట్టూ చూస్తే చాలు. సోఫా కింద, టీవీ బల్ల వెనక, మంచం సందులో నిలబడితే కనిపించనివన్నీ బయటపడతాయి.

రిమోట్ల వెనక మూతకు స్క్రూ ఉందో లేదో చూడాలి. లేకపోతే గట్టి టేపు చుట్టాలి. వాడేసిన సెల్‌కు రెండువైపులా టేపు అంటించి, పిల్లలకు అందని డబ్బాలో వేసి, పాత బ్యాటరీలు తీసుకునే చోట ఇచ్చేయాలి. కొత్తవి తాళం ఉన్న అరలో ఉండాలి. ఆఫీసు బల్లమీద కాలక్షేపానికి పెట్టుకునే బుల్లి అయస్కాంతపు గుండ్లు ఇంటికి రానే రాకూడదు. రెండు మింగితే చాలు, పేగు మడతల్లో ఒకదాన్నొకటి లాక్కుని మధ్యలో పేగుకు చిల్లు పెడతాయి. పూలకుండీల్లో అందానికి వేసే రంగురంగుల నీటిపూసలూ అంతే. కడుపులో ఉబ్బి పేగుకు అడ్డం పడతాయి. పైగా ఎక్స్‌రేలో సరిగా కనిపించవు. బాత్‌రూమ్ కడిగే యాసిడ్‌ను కూల్‌డ్రింకు సీసాలో పోసి ఉంచే అలవాటును ఈ రోజే మానేయాలి. సున్నం వాడే తాతయ్యలుంటే మూత గట్టిగా ఉండే బరిణెలోకి మార్చుకోవాలి. పనిమనిషికి, డ్రైవరుకు, వాచ్‌మన్‌కు కూడా ఈ మాట చెప్పాలి. వాళ్ల ఇళ్లలోనూ పిల్లలుంటారు.

ఇన్ని తీసేశాక పిల్లల చేతికి ఏదో ఒకటి ఇవ్వాలి కదా! నోట్లో పట్టనంత పెద్ద గరిటెలు, స్టీలు గిన్నెలు, కొబ్బరి చిప్ప, గుడ్డ సంచి... ఒక బుట్టలో వేసి ఇస్తే గంటసేపు వాళ్ల ప్రపంచం వాళ్లది. అన్నప్రాసన నాడు ఏరి పెట్టినట్టే రోజూ ఏరి పెట్టాలి. అంతకుమించి పెద్దవాళ్లు చేయాల్సింది లేదు.

పసుపు నీళ్లు చెప్పే నిజం

ఇంట్లో ఆరేడేళ్లు దాటిన పిల్లలుంటే వాళ్ల ఆత్రాన్ని పనిలోకి దించవచ్చు. చంటిపిల్లలు నిద్రపోయాక పెద్దవాళ్లే దగ్గరుండి ఇది చేసి చూపించాలి. పళ్లెంలో కాస్త దూది పరిచి, పసుపు, ఉప్పు కలిపిన నీళ్లతో తడపాలి. దాని మీద బటన్ సెల్‌ను మైనస్ వైపు, అంటే ప్లస్ గుర్తు లేని వైపు, కిందికి ఉండేట్టు పెట్టి కాస్త అదమాలి. కాసేపయ్యాక తీసి చూస్తే దాని కింద పసుపు ఎర్రగా మారి ఉంటుంది.

ఆ ఎరుపు ఏ తెలుగింటికీ కొత్త కాదు. పసుపు నీళ్లలో చిటికెడు సున్నం కలిపి, ఎర్రనీళ్లతో పిల్లలకు దిష్టి తీస్తారు కదా, అదే రంగు! పసుపును ఎర్రబరిచేది క్షారం. అక్కడ సున్నం చేసిన పనే ఇక్కడ సెల్ చేసింది. గొంతులోనూ అదే చేస్తుంది.

ఇది కళ్లారా చూసిన పిల్లలకు ‘ముట్టుకోకు’ అని వేరే చెప్పనక్కర్లేదు. తర్వాత చెల్లి నోటి దగ్గరికి మెరిసే బిళ్ల వెళ్లినప్పుడు పెద్దవాళ్లకన్నా ముందు వాళ్లే లాగేస్తారు. రేకుల షెడ్డులో తమ్ముణ్ని ఎత్తుకుని తిరిగే ఆరేడేళ్ల అక్కకు కూడా ఎవరో ఒకరు ఒక్క మాట చెప్పి ఉంచితే చాలు. కంట్లో సున్నం పడితే అమ్మ కోసం పరిగెత్తకు తల్లీ, ముందు నీళ్ల కుళాయి దగ్గరికి తీసుకుపో అని!